కంగునేల: పొద్దు వాలాక మోగే గుట్టకు కారణం ఏమై ఉండాలి?

వెన్నెలరాత | శనివారం, రాత్రి 9:10

అందరికీ నమస్కారం. రెండేళ్లుగా ఒక పెద్ద కథ రాస్తున్నాను. అందులోని లోకం పేరు కంగునేల. అక్కడ నాలుగు ఊళ్ల నడుమ ఒక నల్లరాతి గుట్ట ఉంది. రోజూ పొద్దు వాలాక ఆ గుట్ట మోగుతుంది. ముందు ఎక్కడో ఒక రాయి కంగుమంటుంది. దానికి మరొకటి బదులు పలుకుతుంది. కాసేపటికి గుట్టంతా కంచుగంటలా మోగి, చీకటి చిక్కబడేసరికి సద్దుమణుగుతుంది. దీపం వెలిగించడం, పశువులను కట్టేయడం, పిల్లలకు అన్నం పెట్టడం అన్నీ ఆ మోతను బట్టే జరుగుతాయి.

శాపమనో, కొండ కింద రాక్షసుడు పడుకున్నాడనో రాసి వదిలేయడం నాకు ఇష్టం లేదు. ఆ రాళ్లు ఎందుకు మోగుతాయో నేలలోనే కారణం ఉండాలి. ఇంకొకటి, కథ నడుమ ఆ మోత ఆగిపోవాలి. ఎందుకు ఆగిందో ఊరివాళ్లకు తెలియకపోయినా నాకు తెలియాలి. రాళ్ల గురించి, ధ్వని గురించి తెలిసినవారు సాయం చేయగలరా?

పాతసంచిక | శనివారం, రాత్రి 9:42

మంచి ఊహ అమ్మా. అయితే కారణం ఎందుకు అన్నది నా సందేహం. మా నాయనమ్మ చెప్పిన కథల్లో చెట్టు మాట్లాడేది, చెరువు అలిగేది. ఎందుకని మేమెవరమూ అడగలేదు. అడిగి ఉంటే ఆ చెట్టు అంతకాలం మాకు గుర్తుండేది కాదేమో. కారణం చెప్పగానే వింత కాస్తా పాఠమైపోతుందని నా భయం.

వెన్నెలరాత | శనివారం, రాత్రి 9:55

పాతసంచిక గారూ, పాఠకుడికి చెప్పాలని కాదండీ. కారణం నాకు తెలిస్తే ఆ ఊరివాళ్ల బతుకు సరిగా రాయగలను. వాన పడితే ఆ గుట్ట మోగుతుందా? ఒక రాయిని దొర్లిస్తే ఏమవుతుంది? ఇప్పుడు వీటికి నా దగ్గర జవాబు లేదు. అందుకే పండుగలు, సామెతలు రాయబోతే కలం ఆగిపోతోంది.

గుట్టలబాట | శనివారం, రాత్రి 10:30

మీ గుట్ట పూర్తిగా ఊహ కాదు. అలాంటిది బళ్లారి పక్కన ఉంది.

మాది బళ్లారి. ఊరికి దగ్గరలోనే సంగనకల్లు, కుప్‌గల్ గుట్టలు. అక్కడి పెద్ద గుట్టను కన్నడంలో హిరేగుడ్డ అంటారు. గుట్టలు గ్రానైటువి. వాటిని చీల్చుకుని ఒక నల్లరాతి గోడ పైకి లేచింది. దాన్ని డోలరైట్ డైక్ అంటారు. ఆ గోడ విరిగి బండలు ఒకదాని మీద ఒకటి పేరుకుపోయాయి. వాటి మీద కొమ్ములు తిరిగిన ఎద్దుల బొమ్మలు, మనుషుల బొమ్మలు చెక్కి ఉంటాయి. కొత్త రాతియుగం నాటి పశువుల కాపరులు అక్కడ నివసించారు. పేడ కుప్పలు కాల్చగా ఏర్పడిన వాళ్ల బూడిద దిబ్బలు ఆ చుట్టుపక్కలే ఉన్నాయి. ఇటు తెలంగాణలో ఉట్నూరు దగ్గర తవ్విన దిబ్బ కూడా ఆ కాలపు పశుపాలకులదే.

అసలు సంగతి ఏమిటంటే, ఆ బండల్లో కొన్ని మోగుతాయి. నేను ఇంటర్ చదివే రోజుల్లో మా మామయ్య తీసుకెళ్లి చూపించాడు. బండ అంచున అరచేయి పట్టేంత చిన్న గుంట ఉంది. లోపలంతా నునుపు. చుట్టూ ఉన్న రాయి గరుకుగా ఉంటే ఆ ఒక్క చోటు మాత్రం రుబ్బురోలు లోపలిలా అరిగిపోయి ఉంది. మామయ్య పిడికెడు గ్రానైటు రాయి తీసుకుని ఆ గుంటలో మెల్లగా ఒక్క దెబ్బ వేశాడు. గుడిగంట లాంటి మోత వచ్చింది. పక్క బండను కొడితే ఠక్కుమంది, అంతే. ఎన్ని తరాల చేతులు కొడితే ఆ గుంట పడి ఉంటుందో అని ఆ రోజంతా ఆలోచిస్తూనే ఉన్నాను. ఇప్పుడైతే నేను కొట్టను, ఎవరినీ కొట్టనివ్వను. ఆ గుంటలే మనకు మిగిలిన సాక్ష్యం.

మీ కంగునేలలో కూడా అలాంటి గుంటలు పెట్టండి. గుట్ట దానంతట అది మోగని కాలంలో జనం కొట్టి మోగించిన గుర్తులుగా.

రాతిపొర | ఆదివారం, ఉదయం 6:20

భూగర్భశాస్త్రం పాఠాలు చెప్పి విశ్రాంతి తీసుకున్నవాణ్ని. రాత్రి ఈ చర్చ చదివి మళ్లీ తరగతి గదిలోకి వెళ్లినట్టయింది.

గుట్టలబాట గారు చెప్పినదాంట్లో అసలు కీలకం, పక్క బండ ఠక్కుమని ఊరుకోవడం. రాయి ఒకటే, పుట్టుక ఒకటే. అయినా ఒకటి పలికింది, ఒకటి పలకలేదు. అమెరికాలోని పెన్సిల్వేనియాలో బక్స్ కౌంటీ అనే చోట ఇలాంటి బండల మైదానం ఉంది. అదీ ఇదే జాతి నల్లరాయి. అక్కడా కొన్ని మోగుతాయి, కొన్ని మోగవు. పరికరాలు పెట్టి చూస్తే మోగవనుకున్నవి కూడా కంపిస్తున్నాయని, ఆ కంపనం మన చెవికి అందనంత లావు స్వరమని తేలింది.

రాయి మోగడానికి ముఖ్యంగా రెండు కావాలి. లోపల పగుళ్లు లేకుండా గట్టిగా ఉండాలి. చుట్టూ వదులుగా ఉండాలి, అంటే రెండు మూడు చోట్ల మాత్రమే ఆనుకుని మిగతా అంతా గాలిలో ఉండాలి. మట్టిలో కూరుకుపోయిన బండను కొడితే కంపనం మట్టిలోకి జారిపోతుంది. గంటను చేత్తో పట్టుకుని కొట్టినట్టే.

కనుక మీ గుట్ట మీద మట్టి ఉండకూడదు. చెట్లు కూడా పలచగానే ఉండాలి. ఆకులు రాలి కుళ్లితే సందులన్నీ మట్టితో నిండిపోతాయి.

బిలంవాకిలి | ఆదివారం, ఉదయం 8:05

మాది కొలిమిగుండ్ల మండలం. బెలుం గుహలు మా ఇంటికి దగ్గరే. అందులో సప్తస్వరాల గుహ అని ఒకటి ఉంది. పైనుంచి వేలాడే సున్నపురాతి ఊడల్ని కర్రతోనో వేలి కణుపుతోనో తడితే లోహం మోగినట్టు మోగుతాయి. ఆ భాగంలోకి 2006 నుంచి సందర్శకులను రానిస్తున్నారు. గుహలు మొత్తం 3,229 మీటర్లు, అన్నిటికంటే లోతైన చోటు పాతాళగంగ.

రాతిపొర మాస్టారు చెప్పింది అక్కడ కళ్లకు కడుతుంది. ఊడ పైన ఒక్క చోటే అంటుకుని, కింద అంతా గాలిలో ఉంటుంది. అదే ఊడ పెరిగి పెరిగి నేలను అందుకుని స్తంభమైతే ఆ పలుకు ఉండదు. అమెరికాలో లురే గుహల్లో ఇలాంటి ఊడలకు రబ్బరు సుత్తులు అమర్చి ఒక వాద్యమే చేశారు. ఒక్కో ఊడను కొద్దికొద్దిగా అరగదీసి శ్రుతి చేశారట. ఆ పని నా మనసుకు ఎక్కలేదు. వేల ఏళ్లు చుక్క చుక్కగా పెరిగినదాన్ని మన పాటకు సరిపోవాలని అరగదీయడం ఏమిటి?

పొడిఇసుక | ఆదివారం, మధ్యాహ్నం 1:15

ఒమన్‌లో పదకొండేళ్లుగా ఉంటున్నాను. ఇక్కడ ఇసుక పాడుతుంది. ఎడారి దిబ్బ ఏటవాలు మీద కూర్చుని కాళ్లతో ఇసుకను కిందికి తోస్తే, పలకలా జారుతూ గుమ్ముమనే మోత వస్తుంది. మొదటిసారి విన్నప్పుడు మా జట్టంతా ఆకాశం వైపు చూశాం, విమానం వస్తోందనుకుని. తర్వాత తొడల కింద ఇసుక వణకడం తెలిసింది. ఆ వణుకు ఒంట్లోకి ఎక్కుతుంది. చెవికన్నా ముందు కడుపుకు తెలుస్తుంది.

ఆ తర్వాత దీని గురించి దొరికిందల్లా చదివాను. మొరాకో ఇసుక దాదాపు 105 హెర్ట్జ్ (సెకనుకు 105 కంపనాలు) దగ్గర ఒకే స్వరం పలుకుతుంది. ఒమన్ ఇసుక మాత్రం 90 నుంచి 150 దాకా కలగాపులగంగా పలుకుతుంది. కారణం రేణువులు. మొరాకోవి ఇంచుమించు ఒకే పరిమాణంలో, 150-170 మైక్రాన్లు (మైక్రాన్ అంటే మిల్లీమీటరులో వెయ్యో వంతు) ఉంటాయి. ఒమన్‌వి 150 నుంచి 310 దాకా చిన్నా పెద్దా కలిసి ఉంటాయి. పారిస్ శాస్త్రవేత్తలు ఒమన్ ఇసుకను జల్లెడ పట్టి, 200-250 మైక్రాన్ల రేణువులను విడిగా జార్చి చూశారు. కలగాపులగం పోయి 90 హెర్ట్జ్ దగ్గర ఒక్క స్వరం నిలిచింది. 2012లో ప్రచురించారు. మన ఇళ్లలో పిండి జల్లించినట్టు ఎడారిని జల్లించి శ్రుతి పట్టుకున్నారన్నమాట!

వెన్నెలరాత గారి ప్రశ్నకు జవాబు కూడా ఇందులో ఉంది. వాన పడితే మోగదు. తడి ఇసుక నోరు విప్పదు. మళ్లీ బాగా ఎండాలి.

వెన్నెలరాత | ఆదివారం, మధ్యాహ్నం 2:40

ఎంత ఇచ్చారండీ అందరూ! పొడిఇసుక గారి మాటతో ఒక పండుగ దొరికింది. కంగునేలలో వానాకాలం మూగమాసాలు. రాళ్ల సందుల్లో నీరు నిలిచి గుట్ట పలకదు. వానలు వెనకబట్టి, సందులన్నీ ఆరి, మొదటి రాయి కంగుమన్న రాత్రి ఊళ్లో కొత్త అన్నం వండుతారు. మూగమాసాల్లో పుట్టిన బిడ్డకు మొదటి మోత వినిపించాకే పేరు పెడతారు.

ఇంకా తేలనిది ఒకటుంది. ఎవరూ కొట్టకుండా, అదీ పొద్దు వాలాకే ఎందుకు మోగాలి?

రాతిపొర | ఆదివారం, సాయంత్రం 5:50

ఎండ. పగలంతా నల్లరాయి కాగి వ్యాకోచిస్తుంది. పొద్దు వాలగానే పైపొర చల్లబడి ముడుచుకుంటుంది, లోపల ఇంకా వేడి. అంతసేపూ ఒకదాన్నొకటి నొక్కి పట్టుకున్న బండలు ఒక్కసారిగా వెంట్రుకవాసి జారతాయి. ఆ జారుడే సుత్తిదెబ్బ. మన భూమ్మీద అంత పెద్ద మోత రాదు, చిటపటలు మాత్రమే వస్తాయి. మీ లోకంలో పగటికీ రాత్రికీ తేడా మరింత ఎక్కువ పెట్టుకోండి, గాలిలో తేమ తగ్గించండి.

మోత అంతసేపు నిలవడానికి చంద్రుణ్ని చూడండి. 1969 నవంబరులో అపోలో 12 వాళ్లు పని అయిపోయిన తమ వాహనాన్ని చంద్రుడి మీద కూల్చారు. అక్కడ పెట్టిన కంపమాపకం దాదాపు గంటసేపు కంపనాన్ని నమోదు చేసింది. భూమ్మీద అయితే నిమిషాల్లో అణగారిపోయేది. చంద్రుడి పైపొరలో నీరు లేదు. పగిలిన రాళ్లలో కంపనం అటూ ఇటూ తగిలి తిరుగుతూనే ఉంటుంది కానీ దాన్ని మింగేది లేదు. గాలి లేదు కనుక ఎవరికీ వినిపించలేదు, అంతే తేడా. మీ కంగునేలకు చంద్రుడి పొడిదనమూ, భూమి గాలీ రెండూ ఇవ్వండి.

ఎండకు పలికిన రాయి చరిత్రలోనూ ఒకటి ఉంది. ఈజిప్టులో నైలు పడమటి ఒడ్డున, లక్సర్ ఎదుట మూడో అమెన్‌హోటెప్ రాజు విగ్రహాలు రెండున్నాయి. క్రీ.పూ. 27లో వచ్చిన భూకంపానికి ఉత్తరం వైపుది నడుము దగ్గర విరిగింది. ఆ తర్వాత అది తెల్లవారుతూనే పలకడం మొదలుపెట్టింది, వీణ తీగ తెగినట్టు ఉండేదట. గ్రీకులు, రోమన్లు వచ్చి విని, తాము విన్నామని దాని కాళ్ల మీద రాసిపోయారు. వందకు పైగా రాతలు ఇప్పటికీ ఉన్నాయి. రాత్రి మంచు తడి ఎండకు ఆవిరై పగుళ్లలోంచి తోసుకురావడం వల్ల ఆ పలుకు వచ్చేదని ఎక్కువమంది అంటారు.

క్రీ.శ. 199 ప్రాంతంలో రోమన్ చక్రవర్తి సెప్టిమియస్ సెవెరస్ ఆ విగ్రహాన్ని బాగు చేయించాడని చెబుతారు. పెద్ద పెద్ద దిమ్మెలు పేర్చి పైభాగం నిలబెట్టారు. అంతే, మళ్లీ అది పలకలేదు.

పాతసంచిక | ఆదివారం, రాత్రి 7:30

మాస్టారూ, ఆ చివరి మాట చదివి చాలాసేపు అలాగే కూర్చున్నాను. భక్తితో బాగు చేయిస్తే మూగబోయింది.

వెన్నెలరాతమ్మా, నిన్న నేను కారణం వద్దన్నాను. ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను. నీ కథలో మోత ఎందుకు ఆగిందో దొరికింది కదా! శత్రువు వచ్చి పగలగొట్టనక్కరలేదు. గుట్టను ప్రేమించినవాడే, రాళ్లు దొర్లిపోతాయని భయపడి సందులన్నీ పూడ్పిస్తాడు.

శ్రుతిపెట్టె | ఆదివారం, రాత్రి 8:15

సంగీతం నేర్పిస్తాను. పాతసంచిక గారి మాటకు వాద్యాల వైపు నుంచి ఒక సాక్ష్యం.

హంపి విఠలాలయంలో సంగీత స్తంభాలు మోగితే లోపల బోలు ఉందని చాలామంది అనుకుంటారు. కల్పాక్కం అణుపరిశోధన కేంద్రం శాస్త్రవేత్తలు పరీక్షించి అవి గట్టి రాయేనని, సన్నని స్తంభం వంగి లేచే కంపనం వల్లే ఆ ధ్వని వస్తోందని తేల్చారు. ఇప్పుడు వాటిని తట్టనివ్వరు, అదే మంచిది. శిల్పశాస్త్రాలు కూడా రాయిని దాని పలుకును బట్టి పురుష శిల, స్త్రీ శిల, నపుంసక శిల అని విడదీశాయి. పలకని రాయిని మూలవిగ్రహానికి వాడరు.

ఒక రాతి పలకను మోగించాలంటే దాన్ని ఎక్కడ ఆనించాలన్నది ముఖ్యం. రెండు కొసల నుంచీ పొడవులో నాలుగో వంతుకు కాస్త తక్కువ దూరంలో కంపించని చోట్లుంటాయి. అక్కడ ఆనిస్తే హాయిగా పలుకుతుంది. వేరే చోట పట్టుకుంటే గొంతు నొక్కినట్టే. తంబురా తీగ కింద జీవ, అంటే సన్నని దారప్పోగు, పెట్టేటప్పుడు నా విద్యార్థులకు ఇదే చెబుతాను. దారప్పోగు వెంట్రుకవాసి జరిగితే నాదం పోతుంది.

ఆకాశవాకిలి | ఆదివారం, రాత్రి 9:00

రెండు చిన్న చేర్పులు.

రాతిలో ధ్వని సెకనుకు అయిదు కిలోమీటర్ల ప్రాంతంలో పోతుంది, గాలిలో సుమారు 340 మీటర్లు. గుట్టకు మూడు కిలోమీటర్ల దూరంలో బండ మీద నిలబడ్డవాడికి మోత పాదాలకు ముందు తెలుస్తుంది, చెవికి ఎనిమిది సెకన్ల తర్వాత అందుతుంది. ఆ ఎనిమిది సెకన్లకు మీ ఊరివాళ్ల భాషలో ఒక పేరు ఉండి తీరాలి.

రెండోది అంగారకుడిది. అక్కడి పలచని బొగ్గుపులుసు వాయువులో సన్నని స్వరాలు లావు స్వరాల కన్నా వేగంగా వెళ్తాయని పర్సెవరెన్స్ రోవర్ మైకు ద్వారా తెలిసింది. సెకనుకు పది మీటర్ల దాకా తేడా. కావాలంటే వాడుకోండి.

రాతిపొర | ఆదివారం, రాత్రి 9:25

ఆకాశవాకిలి గారి మొదటి లెక్క అతుకు లేని గట్టి రాతికి సరిపోతుంది. పగుళ్ల రాతిలో వేగం బాగా తగ్గుతుంది. గుట్ట పైన పగిలిన బండలు, కింద చెక్కుచెదరని గ్రానైటు అని పెట్టుకుంటే రెండూ నిలుస్తాయి. అంగారకుడి గాలి మాత్రం వద్దు. ఆ గాలిలో దీపం వెలగదు, పిల్లలు బతకరు.

గుట్టలబాట | ఆదివారం, రాత్రి 10:10

పాతసంచిక గారు చెప్పిన ముగింపు నాకు నచ్చింది. కానీ బళ్లారి వాడిగా ఒక మాట చెప్పాలి. ఇక్కడ ప్రేమతో ఎవరూ పూడ్చలేదు. గ్రానైటు కోసం, కంకర కోసం గుట్టలను తొలిచేశారు. బొమ్మలున్న బండలకే ప్రమాదం వచ్చింది. పేలుడు అయ్యాక దుమ్ము దిగి బండల సందుల్లో పేరుకుంటుంది. కంగునేలలో అదీ రాయండి. సందులు పూడ్పించేవాడికి గచ్చులోకి కంకర ఎక్కడి నుంచో రావాలి కదా. పక్క గుట్ట నుంచే వస్తుంది. ఆ పక్క గుట్ట కూడా ఒకప్పుడు మోగేదేమో, ఎవరికి తెలుసు?

వెన్నెలరాత | సోమవారం, రాత్రి 11:20

ఇవాళంతా రాశాను. ఒక చిన్న ముక్క ఇక్కడ పెడుతున్నాను, తప్పులుంటే చెప్పండి.

"సున్నం, ఇసుక, బెల్లం నీళ్లు, కరక్కాయ రసం కలిపిన గచ్చు గంపలకెత్తి నూరుమంది గుట్ట ఎక్కారు. కింది వరస నుంచి మొదలుపెట్టి సందు కనిపించిన చోటల్లా కూరారు. రాళ్లు కొట్టే ముసలమ్మ ఒక్కతే అడ్డం వెళ్లింది. 'అయ్యా, రాయికి ఊపిరాడాలి' అంది. రాజు ఆమె చేతులు పట్టుకుని, 'అమ్మా, ఇది కూలిపోతే నేను చూడలేను' అన్నాడు. ఆయన కళ్లలో నీళ్లున్నాయి. పద్దెనిమిదో రోజు పొద్దు వాలింది. ఊరంతా వాకిళ్లలో నిలబడి ఎదురుచూసింది. గుట్ట పలకలేదు."

రాతిపొర | మంగళవారం, ఉదయం 6:05

రాజు మాట బాగుందమ్మా. ఒక్క తప్పుంది. మోత అలా ఒక్క సాయంత్రంతో ఆగదు. కింది వరస నుంచి పూడ్చారని రాశావు. పెద్ద బండలు కిందే ఉంటాయి, వాటిది లావు స్వరం. అది ముందు పోతుంది. రోజురోజుకూ మోత సన్నబడుతూ, చిట్టచివర గుట్ట నెత్తిన ఉన్న చిన్న రాళ్ల స్వరం ఒక్కటే మిగులుతుంది.

శ్రుతిపెట్టె | మంగళవారం, ఉదయం 7:40

మాస్టారి మాటకు కొనసాగింపు. వయసు పైబడేకొద్దీ చెవికి ముందుగా దూరమయ్యేది సన్నని స్వరాలే. అందరికంటే ముందు ఊళ్లో పెద్దవాళ్లకు గుట్ట ఆగిపోతుంది. పిల్లలకు ఇంకా వినిపిస్తూనే ఉంటుంది.

వెన్నెలరాత | మంగళవారం, రాత్రి 9:30

మార్చాను.

"పదకొండో రోజు పొద్దు వాలాక పెద్దలంతా వాకిళ్లలోంచి లేచి లోపలికి వెళ్లిపోయారు. ఇంక పలకదని తేల్చుకుని దీపాలు పెట్టుకున్నారు. రాళ్లు కొట్టే ముసలమ్మ గడప మీదే కూర్చుని ఉంది. మనవరాలు వచ్చి ఆమె మోకాలి మీద చేయి వేసింది.

'మోగుతోందవ్వా.'

ముసలమ్మ చెవి గుట్ట వైపు తిప్పింది. ఏమీ లేదు. పిల్ల ముఖంలోకి చూసింది. ఆ పిల్ల తల చిన్నగా ఊగుతోంది, లయకు తప్పకుండా.

'ఎట్లా మోగుతోందో చెప్పు తల్లీ' అంది ముసలమ్మ."